పది గంటల విశ్వవిద్యాలయం

మన జిల్లాకు ఒక విశ్వవిద్యాలయం వచ్చిందని తెలియజేయడానికి సంతోషిస్తున్నాను. 1959లో, కోస్గి దాటి పోతే వచ్చే బోడగుట్ట గ్రామంలో, గొర్రెలు మేసే బంచరాయిలో దాన్ని నెలకొల్పారు. పేరు కాలమాయా విశ్వవిద్యాలయం. కాలాన్ని ఆపడం, వెనక్కి తిప్పడం, అవసరమైతే దాచిపెట్టడం అక్కడ నేర్పుతారు. గొర్రెలకు మేత పోయింది గాని దేశానికి విజ్ఞానం వచ్చింది.

ఉపకులపతి రఘుపతిగారు. ఆయన అర్హతలకు తిరుగులేదు. మేనమామ అలిగి రాలేదని తన పెళ్లి ముహూర్తాన్ని తెల్లవారుజాము నుంచి మర్నాటి మధ్యాహ్నం దాకా ఆపి, అదే ముహూర్తానికి తాళి కట్టిన ఘనుడు. అది అదే ముహూర్తమని పురోహితుడు సర్టిఫికెట్టు కూడా ఇచ్చాడు.

శాఖలు రెండు: నిన్నటి శాఖ, రేపటి శాఖ. నేటి శాఖకు ఆచార్యులు దొరకలేదు. అక్కడ పని ఉంటుందని ఎవరో పుకారు పుట్టించారు. ఫలితాలు ముందు ప్రకటించి పరీక్షలు తర్వాత పెట్టడంతో విద్యార్థులకు చదివే బాధ తప్పింది. వానలు వెనకబడ్డాయని రైతులు మొరపెట్టుకుంటే, నిన్నటి శాఖవారు రాత్రింబగళ్లు శ్రమించి పోయినేటి కరువును ఈ ఏటికి తెచ్చి చూపించారు. రైతులు చప్పట్లు కొట్టారు. చేతులకు వేరే పని లేదు.

ఇవన్నీ ప్రారంభోత్సవానికి ముందే జరిగాయి. కాలమాయ అంటే అదే.

ప్రారంభోత్సవం పొద్దున పది గంటలకని చాటింపు వేయించారు. ముఖ్య అతిథి పట్నం నుంచి జీపులో రావాలి. పెద్దమనిషి వచ్చేదాకా పది దాటకూడదన్నది మన ప్రాంతపు మర్యాద. ఆ మర్యాదకు శాస్త్రరూపం ఇచ్చిందే ఈ విశ్వవిద్యాలయం. వేదిక మీద నిలువెత్తు గడియారం నిలబెట్టి, పది కొట్టగానే లోలకం పట్టుకుని ఆపారు. ఇక కాలం లేదు. నీడలు మాత్రం, చదువు లేనివి కనుక, జరుగుతూనే ఉన్నాయి.

ముందు వరసలో కూర్చున్న ముసలి నర్సింగమ్మ లేచింది. "కాలం ఆగింది సరే గని దొరా, నా ఆకలెందుకు ఆగుతలేదు?"

"అది నీ కడుపు తప్పు, అవ్వా," అన్నారు రఘుపతిగారు.

"గట్లనే అనుకుంట. నా పానంల గదొక్కటే సదువుకోలె."

జనం విరగబడి నవ్వారు. అప్పుడే గొర్రెల బీరన్న పరుగెత్తుకొచ్చాడు. స్వాగత తోరణానికి గుట్ట వెనక తంగేడు కొమ్మలు విరుస్తుంటే అతని భార్య బక్కమ్మను రక్తపింజర కరిచింది. ఊరి దవాఖానలో పాముకాటు మందు ఉంది. బీరువా తాళంచెవి డాక్టరు దశరథంగారి జేబులో ఉంది. డాక్టరుగారు వేదిక మీద, చేతిలో పూలదండతో ఉన్నారు.

"డాక్టర్ సాబ్, జర దిగుండ్రి. నా పెండ్లాం కాలు పొంగుతాంది."

"ఇప్పుడెట్ల దిగాల్రా? జీపు కనవడ్డదంటున్నరు. సార్ వచ్చేసరికి నా కుర్సీ ఖాళీగుంటే ఏమనుకుంటడు?"

"తాళంచెవన్న ఇయ్యుండ్రి."

"సూది నువ్వేస్తవా? ఏడ సదివినవ్‌రా?"

రఘుపతిగారు మైకు అందుకున్నారు. "సోదరులారా! విషం ఎక్కడానికి కాలం కావాలి. కాలం మన అధీనంలో ఉంది. కనుక విషం కరిచిన చోటనే నిలిచి ఉంది. ఈ క్షణాన భూమండలం మీద బక్కమ్మంత క్షేమంగా ఉన్న స్త్రీ మరొకతె లేదు!"

చప్పట్లు మోగాయి. కొందరు బీరన్నను అభినందించారు కూడా.

బీరన్న వెళ్లి భార్యను మంచం మీద మోయించుకొచ్చి వేదిక ముందు దించాడు. "ఇందాక వాపు చీలమండ కాడుండె దొరా. ఇప్పుడు మోకాలు దాటింది. చూడుండ్రి."

నిన్నటి శాఖవారు చూశారు. ఇది రేపు రావలసిన వాపనీ, తమ శాఖకు సంబంధం లేదనీ తేల్చారు. రేపటి శాఖవారు రేపు చూస్తామన్నారు.

బక్కమ్మ కళ్లు తెరిచింది. "నా కొమ్మలు గాడనే పడ్డయి. ఎవరన్న తెచ్చిన్రా?"

తెచ్చారు. తోరణం బాగా కుదిరింది.

బీరన్న ఇక ఎవరినీ అడగలేదు. వేదిక ఎక్కి, గొర్రెలు తోలే కర్రతో గడియారం ముళ్లను తిప్పాడు. సూర్యుడు ఎక్కడున్నాడో చూసి, ఐదు దగ్గర ఆపాడు.

కాలమంతా ఒక్కసారి జనం నెత్తిన పడింది. పసిపిల్లలు పాలకు ఏడ్చారు. పాలు పితకలేదని ఆడవాళ్లకు గుర్తొచ్చింది. చేతుల్లోని దండలు వాడిపోయి కనిపించాయి. డాక్టరుగారు కుర్చీలోంచి లేచారు. బీరన్న ఆయన చెప్పులు తెచ్చి కాళ్ల ముందు పెట్టాడు.

డాక్టరుగారు గడియారం చూశారు. "ఐదైంది. దవాఖాన మూసే టైం. పొద్దున తీస్కరా."

పొద్దున తీసుకురావలసిన అవసరం కలగలేదు.

విశ్వవిద్యాలయం విచారణ జరిపించింది. విషం అంతసేపూ క్రమశిక్షణతో ఆగి ఉండగా, బీరన్న కాలాన్ని వదిలిపెట్టి దాన్ని ఎక్కించాడని నివేదిక వచ్చింది. పాము నిర్దోషి. డాక్టరుగారికి సమయపాలన పతకం ఇచ్చారు. ఊరు మొత్తం నివేదికను ఒప్పుకుంది. బీరన్న చేత గడియారానికి మొక్కించి, ముళ్లను మళ్లీ పది మీద పెట్టారు. అందరూ మళ్లీ కుర్చీల్లో సర్దుకున్నారు.

ముఖ్య అతిథి ఇంకా రాలేదు. తోరణం మీద తంగేడు ఎండిపోయింది, విప్పలేదు. బీరన్న గొర్రెలు తోలుకుంటూ ఆ దారిన పోయినప్పుడల్లా మనవాళ్లు కుర్చీల్లోంచే పలకరిస్తారు. కోపంతో కాదు, జాలితోనే.

"ఇంకింత సేపు ఆగితే ఏమయ్యెటిదిరా బీరన్నా? జీపు వస్తనే ఉండె గద."

కుర్చీలు ఇంకా ఉన్నాయి. రండి, కూర్చోండి. మీకేమీ ఆలస్యం కాలేదు. ఇంకా పదే.