మొగులయ్య ఇంటికి మూడు తాళాలు

చాంద్రాయణగుట్ట చౌరస్తా వెనక గల్లీలోని మొగులయ్య రెండు గదుల ఇంటిని ముగ్గురు అప్పులవాళ్లు ఒకే ఉదయం, సకల మర్యాదలతో జప్తు చేశారు. మొదటివారు బ్యాంకువారు. వాళ్ల కిస్తీలు కట్టడానికి మొగులయ్య అదే ఇంటిని ఒక ఫైనాన్స్ కంపెనీకి కుదువ పెట్టాడు. ఆ కంపెనీ వడ్డీ కట్టడానికి బేగంబజార్ సేఠు దగ్గర ముచ్చటగా మూడోసారి పెట్టాడు. బ్యాంకుకు అసలు దస్తావేజు, కంపెనీకి నోటరీ నకలు, సేఠుకు కరెంటు బిల్లు ముట్టాయి. ముగ్గురూ పరిశీలించారు, ముగ్గురూ సంతృప్తి చెందారు.

జప్తు అంటే తాళం. ముందు బ్యాంకు వేసింది. బ్యాంకు మీద నమ్మకం లేక కంపెనీ, ఇద్దరి మీదా నమ్మకం లేక సేఠు వేశారు. ఎవరి చూపు చూసినా పక్కవాడి తాళం మీదే ఉండటంతో, లోపల మొగులయ్య, అతని భార్య ఆగమ్మ ఉన్న సంగతి ఎవరికీ తట్టలేదు. తట్టాక కోర్టుకెళ్లారు. యథాతథ స్థితి కొనసాగించాలని కోర్టు సెలవిచ్చింది. అందుచేత మనుషులు లోపల, తాళాలు తలుపుకు, తాళంచెవులు పట్టుకున్న ముగ్గురు గుమాస్తాలు అరుగు మీద స్థిరపడ్డారు.

"ఏందయ్యా, కొత్తిమీరకు పోవాల్నన్నా మీ ముగ్గురు లేవాల్నా?" అని ఆగమ్మ కిటికీలోంచి కేకలేసేది.

"రూలమ్మా, ఏం జేస్తం?" అనేవాడు బ్యాంకు గుమాస్తా సాయికుమార్. పాపం, మంచివాడు. ఆమె ఇచ్చిన చాయ్ కూడా రసీదు రాసిచ్చి తాగేవాడు.

వానలకు కప్పు కారింది. ఆస్తి విలువ పడిపోతుందని బ్యాంకు హుటాహుటిన కప్పు బాగుచేయించింది. ఆ వంకతో బ్యాంకు ఎక్కడ ఇల్లంతా తనదంటుందోనని కంపెనీ గోడలకు రంగులేయించింది. ఇద్దరూ ఖర్చు పెట్టాక తన హక్కు పలచబడుతుందని సేఠు నీళ్ల ట్యాంకు పెట్టించాడు. కట్టినప్పటినుంచీ ఆ ఇల్లు ఇంత కళగా లేదు. తనిఖీకి వచ్చిన బ్యాంకు మేనేజరు గీతాంజలి గల్లీ జనాన్ని ఉద్దేశించి గంభీరంగా ప్రసంగించింది.

"ఈ గోడ ప్రజాధనం! దీనికి మేకు కొట్టడమంటే దేశం గుండెలకు కొట్టడమే!"

మొగులయ్య చొక్కా తగిలించుకునే మేకు పీకేసి క్షమాపణ చెప్పుకున్నాడు.

ఎదురింటి గులాం నబీకి ఇంత వైభవం లేదు. లాడ్ బజార్ దుకాణాలకు లక్క గాజులు చేసే ఆ మనిషికి ఉన్నది ఒకటే అప్పు, ఒకటే బ్యాంకు. కొలిమి దగ్గర చెయ్యి కాలి పని ఆగిపోయింది, కిస్తీలు తప్పాయి. పోటీకి ఎవరూ లేకపోవడంతో జప్తు ప్రశాంతంగా ముగిసింది. గులాం నబీ, ఆయన భార్య ఖుద్సియా ట్రంకుపెట్టెలతో రోడ్డు మీద నిలబడ్డారు. పని ఇంత సక్రమంగా జరగడం ఈమధ్య చూడలేదని గల్లీ అంతా మెచ్చుకుంది.

మొగులయ్య మాత్రం ఊరుకోలేకపోయాడు. కిటికీ ఊచలు పట్టుకుని అరిచాడు. "సాయికుమార్ సార్! గీ భాయ్‌కి గూడ నేను బాకీ ఉన్న. మా ఆగమ్మ ఆపరేషన్‌కు పైసలిచ్చిండు, మల్ల ఒక్కనాడు అడగలె. మీ లెక్క గాయనకు గూడ ఇంట్ల హక్కున్నది. తలుపు తియ్యుర్రి, లోపలికొస్తరు!"

అన్ని నెలల్లో మొదటిసారి ముగ్గురు గుమాస్తాల మాట ఒక్కటైంది. "కాగితం ఏది?"

గులాం నబీ తల దించుకున్నాడు. "దోస్తుల నడుమ కాగజ్ ఏంది సాబ్?"

కాగితం లేనిదాన్ని అప్పు అనరనీ, మంచితనం అంటారనీ, మంచితనానికి చట్టంలో తాళంచెవి లేదనీ సాయికుమార్ ఎంతో సానుభూతితో వివరించాడు. తలుపు తెరుచుకోలేదు. లోపల మొగులయ్య చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

ఈ ఘటన గల్లీని కదిలించింది. ఒక్క అప్పుతో బతకడం ఎంత ప్రమాదమో అందరికీ తెలిసొచ్చింది. మర్నాడు పొద్దున్నే ఇళ్ల కాగితాల నకళ్లు చంకన పెట్టుకుని రెండో అప్పు కోసం ఫైనాన్స్ కంపెనీ దారి పట్టారు. గులాం నబీ ట్రంకుపెట్టెలు దారికి అడ్డంగా ఉన్నాయని ఎవరో విసుక్కున్నారు. కాలిన చేత్తోనే ఆయన వాటిని కొంచెం పక్కకు జరుపుకున్నాడు.