ఒక్క పూట పెద్దతీర్పరి

తీతువమ్మా తీతువమ్మా, ఎందుకే ఆ కేకలు?
గులకరాళ్ళ పొత్తిలిలో నాలుగే నా కూనలు...

ఆ తరవాత ఇంకో రెండు చరణాలు ఉండాలి. నా చిన్నప్పుడు ఊడ్పుల్లో మా చిన్నత్త పాడుతుంటే విన్నాను. చివర్లో "పంది వచ్చె, పంది వచ్చె" అనే ముక్క మాత్రం గుర్తుంది. నడిమిదంతా ఆ బురదలోనే ఉండిపోయింది. పోతే పోయింది, కథ మాత్రం మిగిలింది.

ఒక పెద్ద అడవిలో, ఎంత పెద్దదంటే ఈ చివర వాన కురుస్తుంటే ఆ చివర వాన కోసం కప్పలకి పెళ్ళి చేస్తుండేవారట, నట్టనడుమ ఒక మద్దిచెట్టు ఉండేది. ఆ చెట్టు కింద అడవి మొత్తానికీ పెద్ద కోర్టు. దానికి పైన ఇంకో కోర్టు లేదు, ఆకాశమే. అక్కడ కూర్చునే ఏడుగురిలో పై వారిని పెద్దతీర్పరి అనేవారు. ఏ కేసు ఎప్పుడు వినాలో, అసలు వినాలో వద్దో చెప్పేది పెద్దతీర్పరే. పెద్దతీర్పరి తుమ్మితే మిగతా ఆరుగురూ "చిరంజీవ" అనేవారు.

ఆ పదవికి ఒక ఆచారం ఉంది. దిగిపోవడానికి ఎవరికి అందరికన్నా తక్కువ రోజులు మిగిలున్నాయో, వారే పెద్దతీర్పరి. దిగిపోయేవాడికి ఆశ ఉండదు, ఆశ లేనివాడు న్యాయం తప్పడు అని పూర్వీకులు అనుకున్నారు. మంచి మాటే కదా! ఒక్కో జంతువుకీ దిగిపోయే గురుతు ఒకటి ఉంటుంది. కొండముచ్చుకి తోక నెరిస్తే దిగాలి. ముళ్ళపందికి నూరో ముల్లు ఊడితే దిగాలి. తాబేలయ్యకి తొంభై ఏళ్ళు నిండాయి గానీ, ఇంకా నూటపదేళ్ళ సర్వీసు ఉంది. అందుకని ఆ కోర్టులో ఆయనే జూనియరు.

ఇంకేముంది, పెద్దతీర్పరులు సంతకి వచ్చినట్టు వచ్చి పోతుండేవారు. ఒకరు పదిహేడు రోజులు, ఒకరు పదకొండు. వచ్చినప్పుడు నాలుగు రోజులు సన్మానం, టేకాకు శాలువాలు. వెళ్ళేటప్పుడు అయిదు రోజులు వీడ్కోలు. గ్రూపు ఫోటో కావాలిగా, ఏడుగురూ మడుగు ఒడ్డున వరసగా నిలబడి నీళ్ళలో తమ నీడలు చూసుకునేవారు. ఏ కప్పో దూకి నీళ్ళు చెదిరితే మళ్ళీ మొదలు. చెట్టు మొదట్లో పెద్దతీర్పరుల పేర్లూ, ఎప్పుడైనా ఒక తీర్పు పడితే అదీ రాసే పేర్ల పలక ఒకటి ఉండేది. నాబోటి కూడబలుక్కుని చదివేది పై పేరు ముగించేలోగా కింద ఇంకో పేరు ఎక్కేది.

ఈ సందడి అంతా నడిపేది రిజిస్ట్రారు నక్కగారు.

ఆ కోర్టుకి మూడేళ్ళుగా తిరుగుతోంది తీతువు పిట్ట. దాని కేసు చిన్నది. తీతువు గూడు కట్టుకోదు, నేలమీద గులకరాళ్ళ మధ్య గుడ్లు పెడుతుంది. తొలకరి పడ్డ రోజున అడవిపంది వరాలయ్య తన మందనంతా వెంటేసుకొచ్చి ఆ గులకరాళ్ళ దిబ్బమీదే పొర్లుడు పండగ చేస్తాడు. ఏడాదికి నాలుగు చొప్పున పన్నెండు గుడ్లు నలిగిపోయాయి. ఈ ఏడూ నాలుగు పెట్టింది. "నా పిల్లలు లేచి నడిచేదాకా దిబ్బమీదికి రావద్దని చెప్పండి." ఇంతే దాని మొర.

వరాలయ్య సింహంగారికి బావమరిది వరస. పందికీ సింహానికీ ఆ వరస ఎట్లా కుదిరిందని అడగకండి. అడిగినవాళ్ళు ఇప్పుడు పక్క అడవిలో ఉంటున్నారు.

"అయ్యా, నా కేసు ఏమైంది?" అని అడిగేది తీతువు.

"వాయిదా పడిందమ్మా. కొత్త పెద్దతీర్పరిగారికి సన్మానం," అనేది నక్క.

"పోయిన వారమూ అట్లాగే అన్నారు కదయ్యా!"

"పోయిన వారం పాత పెద్దతీర్పరిగారికి వీడ్కోలు. సన్మానానికీ వీడ్కోలుకీ తేడా తెలియనిదానివి, నీకు కోర్టెందుకమ్మా?"

ఇట్లా నడుస్తుండగా నక్కకి ఒక చిక్కొచ్చి పడింది. అప్పుడున్న పెద్దతీర్పరి ముళ్ళపందికి నూరో ముల్లు ఊడింది. తరవాత వరసలో ఉన్నది కుందేలు. దానికింకా రెండేళ్ళుంది.

వరాలయ్య పరిగెత్తుకొచ్చాడు. "ఏమయ్యా నక్కా! ఆ కుందేలుకి కాగితాలు చదివే జబ్బుందటగా?"

"ఉందండి. చిన్నప్పటినుంచీ. నయం కాలేదు."

"మరి నా పండగ? ఇవాళో రేపో తొలకరి. బంధువులందరినీ పిలిచాను. బావగారు కూడా వస్తానన్నారు. ఒక పిట్ట అడ్డం పడిందని దిబ్బ మార్చుకుంటే నా మొహం ఎక్కడ పెట్టుకోను?"

నక్క తోక ఊపింది. "కంగారెందుకండీ? ముళ్ళపందిగారు దిగితే ఒక కుర్చీ ఖాళీ. దాంట్లో కుందేలుకన్నా తక్కువ రోజులున్నవారిని కూర్చోబెడితే ఆచారం ప్రకారం వారే పెద్దతీర్పరి."

"ఎవరున్నారు అట్లాంటివారు?"

"ఉసిలి."

ఉసిళ్ళంటే తెలుసుగా. తొలకరి పడి ఎండ కాయగానే పుట్టలోంచి పొగలా లేచే రెక్కల చెదలు. పొద్దున లేస్తాయి, మధ్యాహ్నానికి రెక్కలు రాలిపోతాయి. ఆ రెక్కలు రాలడమే వాటికి పదవి దిగే గురుతు.

"పొద్దున సన్మానం, మధ్యాహ్నం వీడ్కోలు," అంది నక్క. "మర్నాడు ఇంకో ఉసిలి. పుట్టకి పదివేలు. ఇక ఈ అడవిలో కేసనేది వినబడితే నన్నడగండి!"

వరాలయ్య నవ్వలేక నేలమీద పడి పొర్లాడు. పండగకి ముందే.

తెల్లవారుజామున వాన కురిసింది. పొద్దెక్కేసరికి చెట్లన్నీ మెరుస్తున్నాయి. మిట్టమధ్యాహ్నం పొర్లుడు పండగ అని పందులు చాటింపు వేశాయి. పుట్టలోంచి ఉసిళ్ళు లేచాయి. నక్క గబుక్కున ఒకదాన్ని ఆకుమీద పట్టి, మద్దిచెట్టు కిందికి తెచ్చి ప్రమాణం చేయించింది. వెంటనే టేకాకు శాలువా కప్పింది. పెద్దతీర్పరి కనపడకుండా పోయింది!

"ఏరీ? పెద్దతీర్పరిగారేరీ?" అని అందరూ కంగారుపడ్డారు. కుందేలు ఆకెత్తి చూస్తే అడుగున ఉంది.

"ఇది తీసెయ్యండి," అంది ఉసిలి. "నాకెంతసేపు ఉంది?"

"మధ్యాహ్నం దాకా అండి. అప్పటిదాకా తమకి సన్మానం, ఆ తరవాత వీడ్కోలు," అంది నక్క.

"మరి కేసులు?"

"రేపు ఇంకో ఉసిలిగారు వస్తారు కదండీ."

ఉసిలి దానివంక వింతగా చూసింది. "పుట్టిందగ్గరనుంచీ చీకట్లోనే ఉన్నాను. వెలుగు చూసింది ఈ పూటే. ఈ పూటంతా ఆకు కింద గడపమంటావా? కేసు పిలువు."

"ముందు ప్రసంగాలు ఉన్నాయండి! జూనియరుగారు మొదలుపెట్టాలి, అది ఆచారం," అని నక్క తాబేలయ్యవైపు చూసింది. తాబేలయ్య ప్రసంగం మొదలుపెడితే మామూలుగా మర్నాటికి ముగుస్తుంది.

"మాట్లాడనివ్వు. ఆయన మాట్లాడుతుంటే నేను కేసు వినకూడదని ఆచారంలో ఉందా?"

"లే... లేదండి. ఇంతవరకూ ఎవరికీ ఆ ఆలోచన రాలేదండి."

తాబేలయ్య మెడ చాచాడు. "మ..." అన్నాడు.

తీతువు ముందుకొచ్చింది. "అయ్యా, కాగితం..."

"కాగితం చదివేలోగా నా రెక్క ఒకటి పోతుంది. నోటితో చెప్పమ్మా."

తీతువు చెప్పింది. మూడేళ్ళుగా మనసులో అరగదీసుకున్న మాటలు కదా, నాలుగు ముక్కల్లో అయిపోయింది.

"హా..." అన్నాడు తాబేలయ్య.

ఉసిలి, సన్మానం చూడటానికి వచ్చి కూర్చున్న వరాలయ్యవైపు తిరిగింది. "ఏమయ్యా, మడుగు ఒడ్డున మెత్తని బురద ఉందా?"

"బ్రహ్మాండంగా ఉందండి."

"గులకరాళ్ళమీద పొర్లితే వీపు గీసుకుపోదూ?"

"పోతుందండి. నెల రోజులు మంట. మా ఆవిడ పసరు రాస్తుంది."

"మరెందుకు పొర్లుతున్నావు?"

వరాలయ్యని అట్లా ఎవరూ అడగలేదు. "మొదటేడు దారి తప్పి వెళ్ళామండి. అప్పుడీవిడ కేసు వేసింది. వేశాక మానితే భయపడ్డాడంటారని..."

"శ..." అన్నాడు తాబేలయ్య.

"తీర్పు," అంది ఉసిలి. "తొలకరి మొదలు తీతువు పిల్లలు నడిచేదాకా, ఏటేటా, ఆ దిబ్బ తీతువుది. పందులు బురదలో పొర్లాలి. వీపుకీ మంచిది. పలకమీద రాయండి."

"...యులారా!" అన్నాడు తాబేలయ్య.

చెట్టు కింద ఉన్నవాళ్ళందరూ ఒక్కసారిగా చప్పట్లు కొట్టారు. తాబేలయ్య కళ్ళలో నీళ్ళు తిరిగాయి. తొంభై ఏళ్ళలో ఆయన ప్రసంగానికి చప్పట్లు పడటం అదే మొదటిసారి.

వరాలయ్య నక్క చెవి కొరికాడు. "ఏదో ఒకటి చెయ్యి! ఇంకో ఉసిలిని పట్టి తీర్పు మార్పించు!"

నక్క మొహం పాలిపోయింది. "కుదరదండి. పెద్దతీర్పరి ఇచ్చిన తీర్పు ఆ పెద్దతీర్పరే మార్చాలి. పోయినేడు నేనే రాయించాను. సింహంగారే రాజు అని కొండముచ్చుగారిచ్చిన తీర్పుని రేపెవరూ కదపకూడదని."

"అయితే ఈ ఉసిలితోనే మార్పించు, పో!"

అప్పుడు చూడాలి నక్క అవస్థ! ఎవరి రెక్కలు ఎప్పుడు రాలతాయా అని పొద్దుటినుంచీ కాచుకున్నది, ఇప్పుడా రెక్కలకి గొడుగు పడుతోంది. "అయ్యా, గాలి తగలకుండా ఇటు జరగండి! కాస్త నీడకి రండి! మహానుభావా, ఇంకో గంట దిగకండి!"

ఒక రెక్క రాలింది.

నక్క తుమ్మచెట్టు దగ్గరికి పరిగెత్తి బంక తెచ్చింది. ఉసిలి రెక్కని అతికించబోయి తన మీసాలకి అతికించుకుంది. దాన్ని పీకబోతే ముంజేయి మూతికి అంటుకుంది.

"అయ్యా," అంది అంటుకున్న మూతితోనే, "తమరు దిగాక పుట్టల కమిషనుకి చైర్మన్ పదవి! అయిదేళ్ళు! కారు బదులు కొండగొర్రె!"

"అయిదేళ్ళంటే ఎన్ని పూటలు?" అంది ఉసిలి.

నక్క లెక్కపెట్టేలోగా రెండో రెక్క, మూడో రెక్క రాలాయి.

"వద్దులే. నాకు మట్టిలో పనుంది," అంది ఉసిలి. నాలుగో రెక్క కూడా రాలింది.

వరాలయ్య ఊరుకుంటాడా? "ఒంటిపూట పురుగు మాట నేను వినేదేమిటి!" అని మందని తోలుకుని దిబ్బకే బయల్దేరాడు. తీతువు రివ్వున ఎగిరి వచ్చి గుడ్లమీద రెక్కలు పరుచుకుని కూర్చుంది. ఎదురుగా నలభై పందులు. గొంతు పోయేలా అరిచింది గానీ లేవలేదు.

అప్పుడే పండగ చూడటానికి సింహంగారు వచ్చారు.

"బావగారూ!" అన్నాడు వరాలయ్య. "ఈ తీర్పు చెల్లదని ఒక్కమాట అనండి!"

సింహం నోరు తెరిచింది. మూతికి చెయ్యి అంటుకున్న నక్క మూడు కాళ్ళమీద గెంతుకుంటూ వచ్చి ఆయన చెవిలో ఏదో గొణిగింది. సింహం నోరు మూసుకుంది. వెళ్ళి చెట్టు దగ్గర పేర్ల పలక చూసొచ్చింది. ఆ పలకమీద ఒక తీర్పు చెల్లదంటే పైనున్న తీర్పులూ చెల్లవు. పైన మూడో వరసలో తన తీర్పు ఉంది.

"బావమరిదీ," అంది సింహం చాలా మృదువుగా, "బురద చల్లగా ఉందట. పద."

"కానీ బావగారూ, నా పరువు..."

"పదమన్నానా!"

ఆ గర్జనకి నలభై పందులూ మడుగులో పడ్డాయి. పడ్డాక తెలిసింది, ఎంత హాయిగా ఉందో! వరాలయ్య అయితే సాయంత్రం దాకా లేవలేదు. "ఎవరండీ ఇన్నాళ్ళూ మనల్ని రాళ్ళమీద పొర్లించిందీ?" అని పక్క పందిని అడిగాడట.

తీతువు తన గుడ్లని ఒకటి, రెండు, మూడు, నాలుగు అని ముక్కుతో తాకి చూసుకుంది. తరవాత పరుగుపరుగున మద్దిచెట్టు కిందికి వచ్చింది. పెద్దతీర్పరి అప్పటికే మామూలు చెదపురుగైపోయి, తడిమట్టిలో కన్నం తవ్వుకుంటోంది. వీడ్కోలు సభ ఏర్పాట్లు నక్కకి చేతకాలేదు, మూతి తెరుచుకోవాలి కదా.

"తల్లీ, నా పిల్లలకి నీ గురించి ఏమని చెప్పను?" అంది తీతువు. "ఈ కథకి నీతి అడుగుతారు."

ఉసిలి ఒళ్ళంతా మట్టిలోకి దిగి తల ఒక్కటే బయట పెట్టింది.

"నిదానమే ప్రధానం అని ఎవరైనా అంటే, నీకింకా ఎన్నేళ్ళున్నాయయ్యా అని ముందు అడగమను."