ముగించే ముందు ఒక్క మాట

ఎర్రగుంట్లకు దగ్గర్లోనే ఉన్న మా ఊరి చర్చికి నూరేండ్లు నిండిన శుభసందర్భంలో, మరే చర్చికీ లేని ఒక నిర్మాణాన్ని ప్రారంభించామని తెలియజేయడానికి మిక్కిలి సంతోషిస్తున్నాము. దాని పేరు మాటల చిక్కుదారి. గోడలు సిమెంటు రేకులవి, కాపలా ఉపన్యాసాలది.

మా పెద్దల ప్రసంగాల్లో రికార్డయినవన్నీ ఒక పెట్టెలో పడి ఉండేవి. వాటిని ఎవరూ వినడం లేదని సంఘం శానా బాధపడింది. వినకుండా తప్పించుకునే వీల్లేని ఏర్పాటొకటి చేయాలని తీర్మానించాం. తీర్మానం నాదే. బెంగళూరులో కంప్యూటర్ పని చేసే మా యేసుప్రసాద్ ఆ భారం నెత్తికెత్తుకున్నాడు. సందుకొక స్పీకరు, సందు చివర కరెంటుతో బిగుసుకునే గొళ్ళెంతో ఒక తలుపు. లోపల అడుగు పెట్టగానే వెనక తలుపు పడుతుంది, ప్రసంగం మొదలవుతుంది. ప్రసంగం అయిపోతేనే ముందు తలుపు తెరుచుకుంటుంది. ప్రతి మలుపులోనూ రెండు సందులు, ఒక్కోదాని ముందర లోపలి గొంతు కాస్త రుచి చూపిస్తుంది. ఏ గొంతు తొందరగా ఆగుతుందో అంచనా వేసి ఆ దారి పట్టాలి. ఇందులో ప్రమాదమేముందని మీరడగొచ్చు. మీరు మా ప్రసంగాలు విన్నట్టు లేదు.

ముందుగా పరీక్ష కోసం మైకుసెట్టు ఓబుళేశును లోపలికి పంపాం. పొద్దున పోయినవాడు పొద్దుగూకే వేళకు బయటపడి, ఆ వారమంతా ఎవరితోనూ నోరు విప్పలేదు. దాన్ని మేము ఆత్మీయ మేలుగా మినిట్సులో రాసుకున్నాం.

ఇక నా గురించి. నా పేరు జయపాల్. రిటైరైన తెలుగు మాస్టారును, సంఘ పెద్దను. నేను భోజనం ముందర ప్రార్థన అందుకుంటే ఆకులో సంగటి రాయి అవుతుందని గిట్టనివాళ్ళంటారు. గిట్టినవాళ్ళు ఇంట్లోనే తినేసి వస్తారు. ఆమెన్ వినపడకముందే కండ్లు తెరిచినవాళ్ళను నిలబెట్టి మందలించే క్రమశిక్షణను ఈ సంఘానికి అలవాటు చేసింది కూడా నేనే.

ప్రారంభోత్సవం మే నెల మిట్టమధ్యాహ్నం. ముఖ్య అతిథి రేకులిచ్చిన కాంట్రాక్టరు భూపేష్ గారు. “మా రేకులు గోడౌన్లో ఊరికే పడుండేవి, మీ మాటలు పెట్టెలో ఊరికే పడుండేవి. ఈ రోజు రెండింటికీ విలువ వచ్చింది!” అని ఆయన సెలవిచ్చారు. చప్పట్లు కొట్టాం. రిబ్బను కత్తిరించి, తనకు అర్జంటు పనుందని, మొదట లోపలికి పోయే భాగ్యాన్ని నాకు వదిలేశారు.

మొదటి మలుపులో కీర్తిశేషులు, చర్చి గంట కొట్టిన దాసన్న గొంతు వినిపించింది. “చర్చి ఆవరణలోకి గొర్రెలను తోలరాదు” అన్నాడు, తలుపు తెరుచుకుంది. ఎంత చప్పని వక్తో అనుకున్నాను. చివరి మలుపులో ఎడమ పక్క ఎవరిదో వార్షిక నివేదిక, కుడి పక్క నా గొంతు! ప్రాణం లేచొచ్చింది. నేను క్లుప్తంగా మాట్లాడే మనిషినని నాకు మొదట్నుంచీ గట్టి నమ్మకం. కుడి పక్కకే దూరాను.

“ముగించే ముందు ఒక్క మాట” అన్నాను స్పీకర్లోంచి. ఇంక అయిపోయినట్టేనని తలుపు దగ్గర నిలబడ్డాను. ఆ ఒక్క మాటకు పీఠిక మొదలైంది. పీఠిక తర్వాత మళ్ళీ “ముగించే ముందు” అన్నాను. రేకులు పెనంలా కాలుతున్నాయి. నాకు షుగరుంది, వేళకు తినకపోతే కష్టమని డాక్టరు చెప్పి ఉన్నాడు. కండ్లు మసకేశాయి. భయమేసింది. నా మాటల కిందనే పడి సచ్చిపోతానని నిజంగానే భయమేసింది.

గెలిచినవాళ్ళు సాక్ష్యం చెప్పేదానికని ఆ సందులో మైకొకటి పెట్టించి, బయటి హారన్ స్పీకర్లకు కలిపించి ఉన్నాం. దాన్ని పట్టుకుని అరిచాను. “దేవా! నన్ను ఈడ్నుంచి బయటికి తియ్యి! తలుపు తియ్యండప్పా! నీళ్ళు!”

బయట జరిగింది తర్వాత తెలిసింది. నా గొంతు హారన్లలో వినపడగానే సంఘమంతా లేచి నిలబడింది. మగవాళ్ళు తలగుడ్డలు తీశారు, ఆడవాళ్ళు కొంగు కప్పుకున్నారు, అర్జంటు పనున్న భూపేష్ గారు కూడా చెప్పులిడిచారు. అందరూ కండ్లు మూసుకున్నారు. నేను “తలుపు తియ్యండి” అన్నప్పుడల్లా “స్తోత్రం” అన్నారు. నేను గట్టిగా అరిస్తే వాళ్ళూ గట్టిగా అన్నారు. ఆమెన్ రాలేదు గనక ఒక్కరూ కండ్లు తెరవలేదు. అదీ క్రమశిక్షణంటే.

తెరిచింది నా భార్య విశ్వాసమ్మ ఒక్కతే. “ఇది ప్రార్థన కాదప్పా ఓబుళేశూ! మా ఆయన ఇంత నేరుగా ఇషయానికి ఎప్పుడొచ్చినాడు? లోపల ఏందో అయ్యుండాది, కరెంటు తీసెయ్యి!” అనిందట.

కరెంటు పోయింది. నా ప్రసంగం మొదటిసారి ఆగింది, తలుపు తెరుచుకుంది. విశ్వాసమ్మ బెల్లం నీళ్ళ చెంబు నా నోటికానించి, “సచ్చిపోతా గూడా మైకు ఇడ్సలేదే” అని ఏడ్చింది.

బయటికొస్తే జనమంతా కండ్లొత్తుకుంటున్నారు. “ఇంత మనసు పెట్టి మీరెప్పుడూ ప్రార్థన చెయ్యలేదు మాస్టారూ!” అని మా చర్చి అయ్యగారు నా చేతులు పట్టుకున్నారు. ఏటా నేనే లోపలికి పోవాలని అక్కడికక్కడే తీర్మానం చేశారు. “ఇంటికి పోదాం దా” అని విశ్వాసమ్మ చెయ్యి పట్టి లాగింది.

నేను తీర్మానానికే ఒప్పుకున్నాను. ఒక్క షరతు మాత్రం పెట్టాను. “నీళ్ళు పెట్టమంటావా, లోపలి పక్క గొళ్ళెం పెట్టమంటావా?” అనడిగాడు ఓబుళేశు. “హారన్లు సాలవు. ఇంకో నాలుగు పెట్టు” అన్నాను.

కావున వచ్చే మే నెలలో మీరందరూ కుటుంబసమేతంగా విచ్చేయ ప్రార్థన. లోపల్నుంచి ఏమి వినపడినా సరే, ఆమెన్ అనేదాకా దయచేసి ఎవరూ కండ్లు తెరవకండి.