ఫ్రిజ్ మీది ఫోను

ఐర్లండ్‌లోని నేవన్ ఊళ్లో ఆ శనివారం పొద్దున కేశవరావు పెట్టుకున్న పని ఒక్కటే, ఇంటిల్లిపాదీ టిఫిన్ తింటుండగా వీడియో తీయడం. ఐరిష్‌వాళ్ల మోటు ఆట గేలిక్ ఫుట్‌బాల్ ఆడొద్దన్న నాటి నుంచి కూతురు సుధేష్ణ అతనితో మాట్లాడటం మానేసింది. ఫ్యామిలీ థెరపీ చేసే అబిగేయిల్, అందరూ కలిసి చూసి మాట్లాడుకుందాం, ఇంట్లో ఎలా ఉంటారో అలాగే వీడియో తీసి తీసుకురండి అంది.

అలాగే తీస్తే పరువేం కాను? కేశవరావు భార్య ఉజ్వల చేత పట్టుచీర కట్టించాడు, గారెలు వేయించాడు, రేడియేటర్ల మీద ఆరేసిన బట్టలన్నీ మాయం చేశాడు. కర్టెన్లు తీసి, లైట్లన్నీ వేసి, ఫోను ఫ్రిజ్ మీద నిలబెట్టి రికార్డింగు నొక్కాడు.

ఎదురింటి గోపాలరావుకి కిటికీలోంచి పట్టుచీర కనిపించింది. తనను పిలవకుండా ఫంక్షన్ చేసుకుంటున్నారని ఆయన మనసు చివుక్కుమంది. నేరుగా వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు.

"ఏమయ్యా, మేం అంత పరాయివాళ్లమైపోయామా?"

థెరపీ అంటే సాయంత్రానికి ఊరంతా పాకుతుంది. కేశవరావు నోటికొచ్చింది అనేశాడు.

"అదేం లేదంకుల్. అమ్మాయి పుట్టినరోజు. ఏదో సింపుల్‌గా, ఇంట్లోనే..."

సుధేష్ణ పుట్టింది నవంబరులో. ఇది ఏప్రిల్.

మనసు కుదుటపడిన గోపాలరావు అక్కడే నిలబడి తెలుగువాళ్ల వాట్సాప్ గ్రూపులో శుభాకాంక్షలు పెట్టాడు. గ్రూపువాళ్లు దాన్ని పిలుపనుకున్నారు. చూస్తుండగానే హాలు కేకులతో, పిల్లాపాపలతో నిండిపోయింది. గారెలు అయిపోయి ఉజ్వల పట్టుచీరలోనే ఉప్మాకి దిగింది.

సుధేష్ణని కేకు ముందు నిలబెట్టారు. నిజం చెప్పేస్తుందేమోనని అతను గబగబా కత్తి చేతికిచ్చాడు. ఆమె నింపాదిగా కేకు కోసింది. నాన్న ఏమిచ్చారమ్మా అని గోపాలరావు అడిగాడు.

"ఫుట్‌బాల్, అంకుల్. డాడ్ ఈజ్ లెట్టింగ్ మీ ప్లే. ఆరెంట్ యూ, డాడ్?"

హాలంతా చప్పట్లు. ఇన్నాళ్లకి కూతురు అతన్ని అడిగిన మొదటి మాట అది. కాదనడానికి కేశవరావుకి మనసు రాలేదు. తలూపాడు.

ఫోను ఇదంతా రికార్డు చేస్తూనే ఉంది. మళ్లీ తీసే ఓపిక లేక దాన్నే పట్టుకెళ్లారు. అబిగేయిల్ అతను తలూపిన చోట వీడియో ఆపి, అప్పుడు ఏమనిపించిందని అడిగింది. కేశవరావు పరువుతో మొదలుపెట్టి, పిల్లకి దెబ్బలు తగులుతాయన్న భయం మీదుగా, అది మాట్లాడకపోతే ఇంటికి రాబుద్ధి కావడం లేదన్న దాకా వచ్చి ఆగాడు. సుధేష్ణ అతనివైపు తిరిగి ఐరిష్ యాసలో అంది.

"యూ కుడ్ కమ్ అండ్ వాచ్, లైక్."

ఆ తర్వాతి ఆదివారం అతను వానలో గొడుగు పట్టుకుని మైదానం పక్కన నిలబడ్డాడు.

నవంబరులో అసలు పుట్టినరోజునాడు కర్టెన్లు వేసుకుని కేకు కోశారు.