నాలుగు రాగాల సైరన్

సూరత్‌లోని లింబాయత్‌కు ఇకమీదట వరద చెప్పాపెట్టకుండా రాదని, రాదలచుకుంటే సైరన్ మోగాకే రావలసి ఉంటుందని వార్డు విపత్తు సన్నద్ధతా సమితి ఉపకన్వీనర్ నరహరి ప్రకటించాడు. ప్రకటన తెలుగు, హిందీ, గుజరాతీ భాషల్లో వెలువడింది. ప్రకృతికి ఏ భాష వచ్చో తెలియదు కాబట్టి మూడింటిలోనూ చెప్పడం మంచిదని ఆయన అభిప్రాయం.

నరహరి సామాన్యుడు కాడు. తండ్రి గంగారాం జగిత్యాల దిక్కు పల్లె నుంచి సూరత్ వచ్చి మరమగ్గాల కార్ఖానాలో చేరాడు. వాళ్ల మాటలో అవి సాంచాలు. నరహరి సాంచాల జోలికి పోకుండా పార్టీలో చేరి, జెండా మోసే దశ దాటి, మోసేవాళ్లను లెక్కపెట్టే దశకు ఎదిగాడు. రాబోయే మునిసిపల్ ఎన్నికల్లో టికెట్ తనదేనని ఆయన నమ్మకం. ఆలు లేదు, చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం అన్నట్టు ‘మీ కార్పొరేటర్’ అని బ్యానర్లు కూడా అచ్చువేయించి, మంచం కింద చుట్టి పెట్టుకున్నాడు. టికెట్ రావాలంటే మంత్రిగారి కళ్లలో పడాలి. మంత్రిగారు సైరన్ ప్రారంభించడానికి వస్తున్నారు.

నరహరి ఉండే సందు వెనకాలే ఖాడీ ఉంది. ఊరి మురుగంతా మోసుకుపోయే వాగు అది. ఎగువన గట్టి వాన పడితే మోయలేక సందులోకి దించేస్తుంది. బడి ముందు సైరన్ స్తంభం పాతుతుంటే పక్కింటి ఎల్లవ్వ వచ్చి చూసింది.

“ఆ ఖాడీల మట్టి తీస్తె నీళ్లే రావు గద బిడ్డా. నీళ్లు రాకుంటె ఈ కూసే డబ్బ ఎందుకు?” అంది.

ఎల్లవ్వకు పరిపాలన తెలియదు. మట్టి తీయడం వేరే విభాగమని, నీళ్లొచ్చాయని చెప్పడం తన విభాగమని నరహరి ఓపిగ్గా వివరించాడు. ఆ విభాగం మట్టి తీసేస్తే ఈ విభాగం చెప్పడానికేమీ ఉండదు. రెండూ చల్లగా బతకాలంటే ఖాడీ ఇలాగే ఉండాలి.

సైరన్‌కు నాలుగు బొత్తాలు, నాలుగు రాగాలు. వరదకు ఒకటి, తుఫానుకు ఒకటి, సునామీకి ఒకటి, భూకంపానికి ఒకటి. చివరిదాని విషయంలో విపత్తు అధికారి జరీవాలా సాబ్‌కు ఒక సందేహం వచ్చింది. ఆ సందులో ప్రతి ఇంటి కింద ఒక కార్ఖానా, నేల పగలూ రాత్రీ అదురుతూనే ఉంటుంది. భూకంపం వచ్చినా ఎవరికీ తెలియదు. అందుకని భూకంపం వచ్చినట్టు పైనుంచి లిఖితపూర్వకంగా తెలిశాకే నాలుగో బొత్తాం నొక్కాలని ఉత్తర్వు తయారుచేశాడు. ఇంత ముందుచూపున్న యంత్రానికి బ్యాటరీ ఒక్కటే లేదు. అంగట్లో అన్నీ ఉన్నా అల్లుడి నోట్లో శని అంటారే, అలా బ్యాటరీ మాత్రం రెండో దశకు వెళ్లిపోయింది. అప్పటిదాకా కరెంటు మీదే మోగాలి.

తొలి పరీక్ష రోజున జరీవాలా సాబ్ వరద బొత్తాం నొక్కాడు. బడి కప్పు మీది పావురాలు ఎగిరిపోయాయి. అంతకుమించి లింబాయత్‌లో ఏమీ జరగలేదు. సాంచాల చప్పుడులో పక్కన నిలబడ్డవాడు అరిచినా వినపడదు. అక్కడ పనిచేసేవాళ్లు నీళ్లు కావాలన్నా, దారం తెగిందన్నా చేతులతోనే చెప్పుకుంటారు. గంగారాం సరిగ్గా స్తంభం కింద నిలబడి పళ్లు తోముకుంటున్నాడు, తల కూడా ఎత్తలేదు. పాతికేళ్ల చప్పుడు ఆయన చెవుల్ని పూర్తిగా తినేసింది. అది తలచుకుంటే ఎవరికైనా కడుపు తరుక్కుపోతుంది గానీ, అది ప్రకృతి విపత్తుల జాబితాలో లేదు.

చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టయిందని నరహరి దిగులుపడ్డాడు. జరీవాలా సాబ్ మాత్రం తొణకలేదు. సైరన్ మోగినా ప్రజలు ఏమాత్రం భయాందోళనలకు లోనుకాలేదని, అసాధారణమైన నిగ్రహం చూపారని రాసుకున్నాడు. ఆ వారమే లింబాయత్‌కు నిగ్రహపు ప్రశంసాపత్రం వచ్చింది.

అయితే మంత్రిగారి ముందు నిగ్రహం పనికిరాదు. బొత్తాం నొక్కగానే జనం పరుగెత్తుకుంటూ బడి డాబా మీదికి ఎక్కాలి, టీవీలో రావాలి. కాసేపు సాంచాలు ఆపమని జరీవాలా సాబ్ కార్ఖానాల యజమానులైన సేఠ్‌లను అడిగి చూశాడు. నిజం వరదకే ఆపని సాంచాలను ఉత్తుత్తి వరదకు ఎలా ఆపుతామని వాళ్లు అడిగారు. చివరికి నరహరే ఉపాయం కనిపెట్టాడు. సైరన్ మోగగానే డాబా మీంచి ఎల్లవ్వ ఎర్ర చీర ఊపుతుంది, చీర చూసి జనం పరుగెత్తుతారు, ఎక్కినవాళ్లకు తినడానికి వేడివేడి ఖమణ్ పొట్లాం. మొదటి రిహార్సల్‌కు కొందరే వచ్చారు. పొట్లాల సంగతి తెలిశాక పక్క సందు నుంచి కూడా జనం వచ్చి ప్రాణాలు దక్కించుకున్నారు.

మంత్రిగారు సాయంత్రం వస్తారనగా, మధ్యాహ్నానికే ఖాడీ పొంగింది. రెండు రోజులుగా ఎగువన వాన. నల్లటి నీళ్లు సందు చివర కనిపించాయి. నరహరి అప్పటికే ఎత్తు మీదున్న బడి ముందు, స్తంభం దగ్గర ఉన్నాడు. పూలు చుట్టిన బొత్తాల పెట్టె తడవకుండా గొడుగు పట్టుకున్నాడు.

“సాబ్, నీళ్లు వచ్చేశాయి. నొక్కేయమంటారా?” అన్నాడు హిందీలో. ఇద్దరి మధ్యా నడిచేది ఆ భాషే, మన సౌకర్యం కోసం తెలుగులో చెప్పుకుందాం.

“ప్రారంభం కాని సైరన్‌ను ఎవరు నొక్కితే వాళ్లే ప్రారంభించినట్టు. శిలాఫలకం మీద ఎవరి పేరుంది?”

“మంత్రిగారిది.”

“నీ టికెట్ ఎవరిస్తారు?”

“మంత్రిగారే.”

“మరి నొక్కు,” అన్నాడు జరీవాలా సాబ్ ఎంతో ప్రజాస్వామికంగా.

నరహరి నొక్కలేదు. ఇంటి కింది ఖోలీలో, ఆ చిన్న గదిలో, తండ్రి రాత్రి షిఫ్టు చేసొచ్చి పడుకున్నాడని గుర్తొచ్చింది. ఫోన్ చేశాడు. ఫోన్ మోగింది. గంగారాం దగ్గర ఫోన్ ఉండేది టైము చూసుకోవడానికే. నరహరి ఒక చేత్తో ఫోన్, ఇంకో చేత్తో గొడుగు పట్టుకుని, ఇంకాసేపు చూద్దామని నిర్ణయించుకున్నాడు. ఇల్లు అక్కడికి రాయి విసిరితే తగిలేంత దూరమే, కానీ వెళ్తే గొడుగు ఎవరు పట్టుకుంటారు?

ఇంతలో సందులోకి నీళ్లొచ్చాయని కరెంటువాళ్లు లైను తీసేశారు. ఆ రోజు ఎవరినీ అడగకుండా జరిగిన పని అదొక్కటే. సాంచాలన్నీ ఒక్కసారిగా ఆగిపోయాయి. లింబాయత్‌లో సాంచాలు మోగుతుంటే పసిపిల్లలు కూడా హాయిగా నిద్రపోతారు. ఆగితేనే అందరికీ మెలకువ వస్తుంది. తలుపులు తెరుచుకున్నాయి, జనం నీళ్లు చూశారు, పిల్లల్ని చంకనేసుకుని బడి డాబా ఎక్కారు. అదురుతున్న మంచం ఆగిపోయేసరికి గంగారాం కూడా లేచి, కాళ్లు నీళ్లలో పెట్టి, సంగతి అర్థమై, బీడీకట్టతో సహా పైకి చేరాడు. చీర లేదు, సైరన్ లేదు, ఖమణ్ లేదు. అందరూ క్షేమం.

తండ్రిని డాబా మీద చూడగానే నరహరికి పోయిన ప్రాణం తిరిగొచ్చింది. రెండు నిమిషాల తర్వాత మళ్లీ పోయింది. మంత్రిగారి బండ్లు వచ్చేశాయి, మోగడానికి కరెంటు లేదు, పరుగెత్తడానికి జనం లేరు.

మంత్రిగారు ప్రసన్నంగా దిగి, సైరన్ కాపాడబోయే ప్రజలెక్కడని అడిగారు. జరీవాలా సాబ్ డాబా వైపు చూపించాడు.

“మోగకముందే ఎక్కారా?” అన్నారు మంత్రిగారు నొచ్చుకుని.

“కొంచెం తొందరపడ్డారు సార్.”

టీవీ వాళ్లు వచ్చి ఉన్నారు. అందువల్ల ప్రజలు కిందికి దిగి, ఎవరిళ్లకు వాళ్లు వెళ్లి, సైరన్ వినగానే మళ్లీ రావాలని అక్కడికక్కడే నిర్ణయం జరిగింది. సందులో నీళ్లు మోకాలి లోతే ఉన్నాయి, చిత్రీకరణకు అనుకూలమైన లోతు. ఆ కబురు మోసుకుని నరహరి డాబా ఎక్కాడు. కాళ్లు పట్టుకున్నంత పని చేశాడు.

ఎల్లవ్వ మెట్లకు అడ్డంగా కూర్చుంది. “ఒకపారి బతికినం గద కొడుకా. టీవీ కోసం ఇంకోపారి బతుకుమంటె ఎట్ల?”

ఎవరూ కదల్లేదు. ఈ వాదనంతా వినపడనివాడు ఒక్కడే ఉన్నాడు. నరహరి తన తండ్రికి ఎదురుగా వెళ్లి, చేతులతో చెప్పాడు. కిందికి పో, ఖోలీ దగ్గర నిలబడు, నేను పిలిస్తే రా. ఇంట్లో ఏదో మరిచిపోయారు కాబోలు, కొడుకుకు అవసరమేమో అనుకున్నాడు గంగారాం. పంచె ఎగ్గట్టుకుని ఎల్లవ్వను దాటి మెట్లు దిగి, నీళ్లలో నడుచుకుంటూ తన గుమ్మం దాకా వెళ్లాడు. పక్కనే కార్ఖానా. దాని కరెంటు బోర్డు సగం దాకా నీళ్లలో ఉంది. పోయిన వానాకాలం అక్కడే నీళ్లలో కరెంటు తగిలి ఒక గేదె చచ్చిపోయింది.

నరహరి స్తంభం దగ్గరికి తిరిగొచ్చేసరికి జరీవాలా సాబ్ ఫోన్లో మాట్లాడుతున్నాడు. మంత్రిగారి ఆదేశమని, సైరన్ మోగేంత సేపు లింబాయత్ లైను ఇవ్వాలని చెబుతున్నాడు. అవతలివాళ్లు నీళ్లున్నాయని ఏదో అంటున్నారు. నీళ్లున్నాయి కనుకనే సైరన్ అని ఈయన తర్కం. మంత్రిగారు బొత్తాం మీద వేలు పెట్టి కెమెరా వైపు తిరిగారు.

నరహరికి నీళ్లలో ఉన్న కరెంటు బోర్డు గుర్తొచ్చింది. తండ్రి వైపు చేతులు ఊపాడు. గంగారాం వీపు ఇటు పెట్టి, ఖోలీలోకి వంగి, కొడుకు ఏం మరిచిపోయాడా అని వెతుకుతున్నాడు. పక్కన పార్టీ ప్రచార ఆటో ఉంది, దాని మైకుకు బ్యాటరీ ఉంది. నరహరి మైకు లాక్కుని అరిచాడు.

“బాపూ, నీళ్లలకెల్లి ఎక్కు. కరెంటు ఇస్తున్నరు బాపూ. బాపూ.”

సాంచాలు ఆగిన లింబాయత్‌లో ఆ అరుపు ఖాడీ అవతలి దాకా వినిపించింది. మాటలు కాసేపటికే చెదిరిపోయి, ఒట్టి కేక మిగిలింది. వినవలసినవాడికి తప్ప అందరికీ వినపడింది. ఎల్లవ్వ డాబా అంచుకు పరుగెత్తి, చేతిలో ఉన్న స్టీలు టిఫిన్ డబ్బా బలంకొద్దీ విసిరింది. డబ్బా గంగారాం భుజానికి తగిలింది. ఆయన తిరిగి కొడుకు చేతులు చూసి, ఏమీ అర్థం కాకపోయినా, పక్కనున్న ఎత్తు అరుగు మీదికి ఎక్కాడు.

అప్పుడే కరెంటు వచ్చింది. ఆపకుండా వదిలేసిన సాంచాలన్నీ ఒక్కసారి దడదడలాడాయి. సైరన్ ఏమైనా అన్నదేమో ఎవరికీ తెలియదు. కార్ఖానా బోర్డు నీలంగా మెరిసి, ట్రాన్స్‌ఫార్మర్ ఢామ్మని పేలి, మళ్లీ అంతా నిశ్శబ్దమైంది.

మంత్రిగారు బొత్తాం మీంచి వేలు తీసి, కళ్లజోడు తీసి, కళ్లు తుడుచుకున్నారు.

“ఇందాక మొదట వినిపించిందే, ఆ రాగం ఏది?”

“వరద రాగం సార్,” అన్నాడు జరీవాలా సాబ్.

“గుండె పిండేసింది. అన్ని ఊళ్లలోనూ అదే పెట్టండి,” అన్నారు మంత్రిగారు. నరహరి భుజం తట్టి పేరు కూడా అడిగి తెలుసుకున్నారు. సైరన్ కేకతో లింబాయత్‌కు ముప్పు తప్పిందని మర్నాడు పత్రికలు రాశాయి. గంగారాం భుజం కమిలిపోయింది. తనను ఏం తెమ్మని పంపావని ఆయన కొడుకును చేతులతో అడిగాడు. అన్నిటికీ సైగలు తెలిసిన నరహరికి దానికి మాత్రం సైగ దొరకలేదు. తల వంచుకుని అన్నం తిన్నాడు.

ఆ వారంలోనే జరీవాలా సాబ్ నుంచి పిలుపు వచ్చింది. మంత్రిగారికి నచ్చిన రాగం యంత్రంలో లేదు కనుక రికార్డు చేయాలి. టికెట్ల జాబితా ఆదివారం వస్తుందని కూడా ఆయన గుర్తు చేశాడు. నరహరి వేడినీళ్లతో గొంతు సవరించుకుని మైకు ముందు ‘బాపూ’ అని అరిచాడు. రికార్డింగ్ అతను తల అడ్డంగా ఊపి, నినాదంలా ఉందన్నాడు. మళ్లీ అరిస్తే కూరగాయలు అమ్ముతున్నట్టుందన్నాడు. మధ్యాహ్నం దాకా అరిచినా ఆ రోజటి కేక రాలేదు.

జరీవాలా సాబ్ కుర్చీ దగ్గరికి జరుపుకున్నాడు. “గురువారం మళ్లీ భారీ వాన అంటున్నారు. ఖాడీ ఎటూ నిండే ఉంది. మీ నాన్నను ఇంకోసారి నీళ్లలోకి దింపుదాం.”

“కరెంటు ఇవ్వరు కదా సాబ్?”

“ఇస్తామో ఇవ్వమో నీకు చెప్పం. చెబితే కేక రాదు.”

తండ్రి భుజం మీది కమిలిన మచ్చ నరహరి కళ్లముందు కదిలింది. తర్వాత, ఈసారి నీళ్లలో నిలబెట్టకుండా మంచం మీద కూర్చోబెడితే సరిపోతుందా సాబ్ అని ఎంతో వినయంగా అడిగాడు.