తలగడలో కలపురుగు

గడియారాలు బాగుచేసే ఆయన్ని వీధిలో అందరూ నిదానం గారనే పిలుస్తారు. లోకమంతటికీ టైము సరిచేసే ఆ మనిషి, తాను మాత్రం ఏ పనికీ టైముకు వెళ్లిన పాపాన పోలేదు. ఆయనకున్న కోరికల్లా ఒక్కటే, పొద్దున్న కాఫీ ప్రశాంతంగా తాగడం. అదే దక్కడం లేదు.

కారణం భార్యకు వచ్చే కలలు. ఆవిడ ఇంట్లోనే బట్టలు కుడుతుంది. రాత్రి వచ్చిన కలను కూడా పొద్దున్నే కొలతలు తీసి, అంచులు మడిచి మరీ చెబుతుంది. ఆ కలల్లో నేరాలన్నీ ఆయనవే. ఒకసారి ఆవిడను బస్టాండులో వదిలేసి తానొక్కడే బస్సెక్కాడు. ఇంకోసారి కుట్టుమిషను అమ్మేసి చిలకను కొన్నాడు.

"నీ కలలో జరిగినదానికి నేనేం చేసేదే?" అన్నాడు పాపం.

"చిలకను కొనే బుద్ధి మీలో లేకపోతే నా కలలోకి ఎలా వస్తుంది?" అందావిడ. ఆ పూటంతా మాటల్లేవు.

ఈ గోడు కటింగ్ షాపు ఆయన దగ్గర వెళ్లబోసుకుంటే, ఆయన కుర్చీకున్న తలదిండు దులిపి, ఒక కలపురుగును అగ్గిపెట్టెలో పెట్టిచ్చాడు. కలపురుగు అంటే చొక్కా బొత్తామంత ఉంటుంది. కుట్టదు, రక్తం తాగదు. తలగడ దూదిలో చేరి, పడుకున్నవాళ్లకు కల మొదలవగానే చప్పరించేస్తుంది. ఎండ తగిలితే మాత్రం తిన్నదంతా కక్కేస్తుంది. అప్పుడు ఆ తలగడ మీద ఎవరు తల పెడితే వాళ్లకు ఆ కలలు వస్తాయి. క్షవరానికొచ్చి కునుకు తీసేవాళ్ల పుణ్యమా అని కటింగ్ షాపుల్లో వీటికి కొదవ లేదు.

భార్య బజారుకు వెళ్లగానే నిదానం గారు ఆవిడ నీలం గలేబు తలగడ విప్పి, పురుగును లోపలికి తోసి, తన చేతనైనట్టు మళ్లీ కుట్టేశాడు.

మర్నాడు ఆవిడ కాఫీ ఇచ్చి ఊరుకుంది. కల ఊసే లేదు. ఆ మర్నాడూ అంతే. ఆయన పేపరు ఆసాంతం చదివి, షాపుకు టైముకు వెళ్లాడు. పక్క షాపువాళ్లు కంగారుపడి ఇంట్లో అంతా క్షేమమేనా అని అడిగారు.

కానీ రోజులు గడిచేకొద్దీ ఆ నిశ్శబ్దం ఆయనకు మింగుడుపడలేదు. కాఫీ రుచి కూడా తగ్గినట్టనిపించింది. ఉండబట్టలేక, ఏమిటలా ఉన్నావని అడిగాడు.

"చెప్పడానికేముందండీ, కలలే రావడం లేదు," అందావిడ సూదిలోకి దారం ఎక్కిస్తూ. "అమ్మ కూడా కనిపించడం మానేసింది."

నిదానం గారు కాఫీ కప్పు కింద పెట్టేశాడు. అత్తగారు పోయి చాలా కాలమైంది. తన నేరాల నడుమ ఆ పెద్దావిడ అప్పుడప్పుడూ ఆ కలల్లోకి వచ్చి, కూతురికి జడ వేసి వెళ్లేదన్న సంగతి పురుగును పెట్టేటప్పుడు ఆయనకు గుర్తే రాలేదు. తల్లీకూతుళ్లు కలుసుకునే ఒక్క దారినీ తన చేతులతోనే మూసేశాడు. ఒక కప్పు కాఫీ కోసం ఇంత పాపం చేశానా అని తనను తాను తిట్టుకున్నాడు.

భార్య కుట్టిన బట్టలు ఇవ్వడానికి వెళ్లిన సమయం చూసి, నీలం గలేబు పీకి తలగడ చింపాడు. పురుగు లేదు. దూదంతా లాగి చూశాడు. అయినా లేదు. ఆ కంగారులో ఫ్యాను ఆపడం మరిచిపోయాడు. ఆవిడ తిరిగొచ్చేసరికి ఇల్లంతా దూది ఎగురుతోంది. మీసాల నిండా దూదితో, కంటికి గడియారాల అద్దంతో ఆయన మంచం కింద పాకుతున్నాడు.

"ఏం పోగొట్టుకున్నారు?" అందావిడ.

"మీ అమ్మను," అన్నాడు ఏడుపు గొంతుతో. ఆపైన అగ్గిపెట్టె దగ్గర్నుంచి జరిగిందంతా చెప్పేశాడు.

ఆవిడ తాపీగా ఫ్యాను ఆపింది. "మా అమ్మ ఎక్కడికీ పోలేదు, ఎప్పటిలాగే వస్తూనే ఉంది. మీరు వేసిన ఆ కుట్టు చూసి మొదటిరోజే కనిపెట్టాను. మీ తలగడకూ నా తలగడకూ గలేబులు మార్చేశాను. పురుగు ఇన్నాళ్లూ మీ తల కిందే ఉంది."

"మరి అమ్మ కనిపించడం లేదన్నావు?"

"అలా అనమని అమ్మే చెప్పింది. అల్లుడి మనసు మెత్తన, ఆ మాటంటే తట్టుకోలేడంది."

అయినా ఆ పురుగు తన దగ్గర ఏం తింటుంది, తనకు అసలు కలలే రావు కదా అని ఆయన గొణిగాడు.

"ఎందుకు రావు, లేచేసరికి మరిచిపోతారు. నిన్న మధ్యాహ్నం మీ తలగడ ఎండలో పెట్టి, దాని మీద పడుకున్నాను." ఆవిడ పక్కన కూర్చుని ఆయన మీసాల్లో దూది ఏరసాగింది. "మీ కలలన్నిట్లోనూ నేను తప్పిపోతాను. మీరు ఒంటి చెప్పుతో వీధులన్నీ పరుగెడుతూ నన్నే వెతుకుతుంటారు."

ఆయనకు కళ్లు చెమర్చాయి. "చివరికి దొరుకుతావా?"

"ఎక్కడ దొరుకుతాను? ప్రతిసారీ సగం దారిలో చిలకను కొనడానికి ఆగిపోతారు."

ఆ పురుగును తిరిగిచ్చేస్తానంటే ఆవిడ ఒప్పుకోలేదు. అది ఆయన తలగడలోనే కాపురం ఉంటోంది. మధ్యాహ్నం ఆ తలగడ ఎండలో కాగుతుంది, ఆవిడ దాని మీద ఓ కునుకు తీస్తుంది. ఇప్పుడు పొద్దున్న కాఫీతో పాటు నిదానం గారు రెండు కలలు వింటున్నాడు. ఒకటి ఆవిడది, రెండోది ఆయనది. రెండింటిలోనూ తప్పు మాత్రం ఆయనదే.