నలభై మూడు రోజుల సంజాయిషీ

పదింటికి ప్లీడరు ఆఫీసులో ఒక సంతకం పడేసి, పదకొండింటికి కొట్టు తెరిచి, సాయంత్రానికల్లా రెండు ప్యాంట్లు పూర్తి చెయ్యాలని దర్జీ పొద్దున్నే అనుకున్నాడు. పాపం, కోర్టు పని సంతకంతో తేలిపోతుందని నమ్మే రకం.

తగువు ఆ కొట్టు గురించే. తండ్రి పోయాక, ఆయన దగ్గరే కుట్టు నేర్చిన కొడుకుల్లో అన్న తనదన్నాడు, తమ్ముడైన మన దర్జీ తనదన్నాడు, కింది కోర్టు అన్నదేనంది. పై కోర్టుకు వెళ్లే గడువులోనే తమ్ముడి భార్య ఆస్పత్రిలో చేరింది, మరి ఇంటికి రాలేదు. అతను తేరుకుని ప్లీడరు గడప తొక్కేసరికి గడువు దాటి నలభై మూడు రోజులైంది. ఆ ఆలస్యాన్ని మన్నిస్తేనే అప్పీలు. లేదంటే కుట్టుమిషను వీధిలో పెట్టుకోవాలి.

"ఊరికే మన్నించరు. ఒక్కో రోజుకీ కారణం చూపించాలి. ఆస్పత్రి కాగితం పట్రా" అన్నాడు ప్లీడరు గుమాస్తా.

ఆస్పత్రి కౌంటరులో అమ్మాయి తల ఎత్తకుండానే చెప్పింది. "పేషెంటు సంతకం కావాలండీ."

"చనిపోయిందమ్మా. ఇక్కడే, మీ మూడో వార్డులో."

"అయితే మీకు ఇమ్మని ఆవిడ రాసిచ్చిన ఉత్తరమైనా ఉండాలి. ముందే తీసుకోవాల్సిందండీ."

ఆ సంగతి తనకు తట్టనందుకు దర్జీ నిజంగానే నొచ్చుకుని వెనక్కి వచ్చాడు. గుమాస్తా తల పట్టుకున్నాడు.

"పోనీ, అన్నాళ్లూ కొట్టు మూసి ఉందని రుజువేమైనా ఉందా?"

"కొలతల పుస్తకం ఉందండి. తేదీలు వేసి రాస్తాం. ఆ రోజులన్నీ ఖాళీగా ఉంటాయి."

అతను టేపు పట్టి చెబుతుంటే భార్య రాసేది. ఆవిడ పోయాక ఆ పుస్తకం తెరవడానికి అతనికి చెయ్యి రాలేదు. కొత్త కొలతలు సుద్దతో గోడ మీద రాసుకుంటున్నాడు. కుట్టాల్సిన గుడ్డలు కనపడకపోతే, విసిగి ఎవరివి వాళ్లు పట్టుకుపోయారనుకున్నాడు. పుస్తకానికి దారం చుట్టి అలాగే ఇచ్చేశాడు. గుమాస్తాకు తీరిక లేదు, తనూ తెరవలేదు. "ఆ రోజుల్లో ఒక్క అక్షరమైనా లేని పుస్తకమే నా కష్టానికి సాక్ష్యం" అని దర్జీ పేరిట ఘనంగా రాసి దాఖలు చేశాడు.

విచారణ రోజున అన్న తరఫు ప్లీడరు దారం విప్పాడు. రెండు పేజీలు తిప్పేసరికి అతని మొహం వెలిగిపోయింది.

"అయ్యా, ఖాళీ పుస్తకమన్నారు. ఈ నలభై మూడు రోజుల్లో పంతొమ్మిది చొక్కాలు, పదకొండు ప్యాంట్లు, పైగా ఒక కోటు! ఇంత కష్టంలో ఉన్న మనిషి కోటు ఎలా కుట్టాడండీ?"

జడ్జిగారు కళ్లజోడు పైనుంచి చూశారు. "ఏమయ్యా, ఏమిటిది?"

దర్జీ పుస్తకం అందుకున్నాడు. ఒక పేజీ దగ్గర భార్య గుండ్రటి రాత ఆగిపోయింది. అతని చూపూ అక్కడే ఆగిపోయింది, దుఃఖం ముంచుకొచ్చింది. పక్క పేజీలో రాత ఎవరిదో గుర్తుపట్టాడు. కానీ చెబితే నమ్మేదెవరు?

"ఆ రాత నాదండి." వెనక బెంచీలోంచి అన్న లేచాడు. "వాడు ఆస్పత్రిలోనే ఉన్నాడు. ఒప్పుకున్న గుడ్డలు అలాగే పడున్నాయి. రెండో తాళంచెవి నా దగ్గరుంది. తెరిచి కుట్టి, కుట్టినవన్నీ అందులో రాశాను."

"మీరు కూర్చోండి, మన కేసు మునుగుతోంది" అని గొణిగాడు అతని ప్లీడరు.

"కొట్టు నాదే, ఇప్పటికీ అదే అంటాను. నా చేతికొచ్చేలోగా గిరాకీ అంతా పోతే ఖాళీ గదిని ఏం చేసుకోను?" అన్నాడు అన్న.

జడ్జిగారు కళ్లజోడు తీసి, తుడుచుకుని, పెట్టుకుని, ఆలస్యాన్ని మన్నిస్తున్నట్టు రాశారు.

వరండాలో అన్నదమ్ములిద్దరూ చెరో స్తంభం దగ్గర నిలబడ్డారు.

"తను పోయిన రోజు ఇంటికి రావచ్చు కదా అన్నయ్యా. ఒక్కణ్ణే ఉన్నాను."

"వీధి చివరిదాకా వచ్చానురా. కేసు పూర్తిగా తేలేదాకా కలవకూడదన్నాడు మా ప్లీడరు. వెనక్కెళ్లి మిషను ముందు కూర్చున్నాను."

తమ్ముడు వెక్కి వెక్కి ఏడ్చాడు. అన్న దగ్గరికొచ్చి భుజం మీద చెయ్యి వేశాడు.

నలభై మూడు రోజుల ఆలస్యాన్ని మన్నించిన కోర్టు, అసలు అప్పీలు వినడానికి పద్నాలుగు నెలల తరవాతి తేదీ ఇచ్చింది.